డాక్టరుగారి గుర్రం ఆగే గుమ్మం

శనివారం పొద్దున ఎనిమిది కాకముందే ఒక పెద్దావిడ బోస్టన్‌లోని సైలస్ ట్రెడ్వెల్ ఆఫీసు మెట్లెక్కి వచ్చింది. తలకు నల్ల బోనెట్టు, చేతులకు ఊలు తొడుగులు, బూట్ల నిండా పల్లెటూరి బురద. కుర్చీ చూపించినా కూర్చోలేదు.

"మా తమ్ముడు చచ్చిపోతున్నాడు బాబూ. పక్షవాతం వచ్చి మూడు వారాలైంది, దాన్ని తట్టుకున్నాడు. ఇప్పుడు దొంగతనం చంపుతోంది వాణ్ణి," అంది.

ట్రెడ్వెల్ ప్రైవేటు డిటెక్టివ్. యాభై ఏళ్ళ బక్కపలచటి మనిషి. తొందరపడడు, గొంతు పెంచడు. ఆయన సహాయకుడు ఓరిన్ బీల్‌కి ఇరవై ఆరేళ్ళు. ఆరేళ్ళుగా గురువుగారి వెంటే తిరుగుతూ, ఆయన చూసినవన్నీ తనూ చూస్తూనే ఉన్నాడు. చూసినవాటిని కలిపి ముడివెయ్యడం మాత్రం ఆయనకే వస్తుంది. అందుకే ఓరిన్‌కి గురువుగారంటే ఎంత భక్తో అంత కుళ్ళు కూడా. ఆ రెండోదాన్ని టోపీ కింద దాచుకు తిరుగుతుంటాడు.

పెద్దావిడ పేరు మెహిటబెల్ లారబీ. ఆవిడ తమ్ముడు ఆసా లారబీ వెస్ట్ హార్లో అనే పల్లెలో వైద్యుడు. వైద్యం మీద, పల్లె జనం మీద నాలుగు పుస్తకాలు రాసి పేరు తెచ్చుకున్నాడు. ఆయన రాసే పద్ధతే వేరు. రోగుల ఇళ్ళకు వెళ్ళే దారిలో, కదులుతున్న బండిలోనే, మోకాలి మీద చెక్క పెట్టుకుని పెన్సిల్‌తో రాసేవాడు. గుర్రానికి దారి తెలుసు కాబట్టి పగ్గాలు వదిలేసేవాడు. ఆ చిత్తు కాగితాలను అక్కగారు ఇరవై ఏళ్ళపాటు ఇంట్లో కూర్చుని సాపు రాసిపెట్టింది. సాపు అయిన చిత్తుతో పొయ్యి రాజెయ్యడం ఆ ఇంటి ఆనవాయితీ.

ఇప్పుడు పోయింది ఆయన అయిదో పుస్తకం. పదకొండేళ్ళ పని, ఆరువందల పేజీల సాపు ప్రతి. చిత్తు ఎప్పుడో బూడిదైంది కాబట్టి ఉన్నది ఆ ఒక్క ప్రతే. మార్చిలో డాక్టరుకి మంచుబండి మీదే పక్షవాతం వచ్చి మాటా, కుడిచెయ్యీ పడిపోయాయి. అప్పట్నుంచీ అక్కగారు రోజూ పొద్దున రేకుపెట్టె తెరిచి, టేపుతో కట్టిన ఆ కట్టను తమ్ముడికి చూపించేది. అది చూశాకే ఆయన గంజి తాగేవాడు. గురువారం చూపించింది. శుక్రవారం తెరిస్తే పెట్టె ఖాళీ. ఆ క్షణం నుంచి డాక్టరు గంజికి నోరు తెరవలేదు.

"ఈ పుస్తకం కూడా మీరే సాపు రాశారా?" అని ట్రెడ్వెల్ అడిగాడు.

మెహిటబెల్ మొహం ముడుచుకుంది. "లేదు బాబూ. దీని సాపు మొదలుపెట్టకముందే, నా కళ్ళు మందగించాయని రెండేళ్ళ కిందట నన్ను మాన్పించాడు. పడుచు పెళ్ళాం ఉందిగా. అది రాస్తోంది."

"ఎలా ఉంది ఆవిడ రాత?"

"నేను చూళ్ళేదు. ఒక్కనాడూ ఆ కట్ట విప్పలేదు. నేను కూర్చునే కుర్చీలో కూర్చుని రాసినదాన్ని నేనెందుకు చూడాలి?"

మధ్యాహ్నం రైల్లో ముగ్గురూ వెస్ట్ హార్లో చేరారు.

*

డాక్టరు పడకగది పక్కనే ఆయన వైద్యం చేసే గది. రేకుపెట్టె అక్కడ బల్ల మీదుంది. తాళం పగల్లేదు. తాళంచెవి డాక్టరు మంచం తల దగ్గర మేకుకి వేలాడుతూ ఉంటుంది. పెట్టె ఉన్న గదిలో ఇంకో మేకుకి ఆయన మందుల సంచీ తగిలించి ఉంది. ట్రెడ్వెల్ దాన్ని విప్పి చూశాడు. సీసాలన్నీ వాటి అరల్లో కుదురుగా ఉన్నాయి. తర్వాత పొయ్యి తలుపు తీసి, బూడిద బకెట్టు చూశాడు. అడుగున పిడికెడు బూడిద ఉంది.

"ఆరువందల కాగితాలు ఇందులో కాలితే గొట్టం పూడుకుపోయేది. తగలబెట్టలేదు, ఎక్కడో ఉంది," అన్నాడు.

డాక్టరు భార్య కొర్నీలియా వచ్చింది. ముప్ఫయ్యేళ్ళు, భర్తకంటే పాతికేళ్ళు చిన్న. ఏడ్చి ఏడ్చి కళ్ళు వాచి ఉన్నాయి, అయినా తల నిటారుగానే ఉంది. గురువారం మధ్యాహ్నం తలనొప్పిగా ఉంటే మేడమీద పడుకున్నానంది. వదినగారు చర్చి ఆడవాళ్ళ కుట్టుపనికి వెళ్ళింది. అది ప్రతి గురువారం రెండింటి నుంచి నాలుగింటి దాకా ఉంటుంది. ఆ సమయంలో మంచం దగ్గర ఉన్నది డాక్టర్ పెల్ ఒక్కడే.

ఆ ఊళ్ళో రెండో వైద్యుడు లూషస్ పెల్. లారబీకి ఇప్పుడు వైద్యం చేస్తున్నదీ ఆయనే. తనూ ఒక పద్యాల పుస్తకం అచ్చువేయించుకున్నాడు. దాని ప్రతులు ఆయన అటక మీదే భద్రంగా ఉన్నాయని ఊరంతా చెప్పుకుంటుంది. లారబీ పుస్తకాల మాటెత్తితే చాలు, ఆయన మీసం కొసలు నమిలేస్తాడు.

"నేను ఒంటరిగా ఉన్నమాట నిజమే. తాళంచెవి చేతికి అందేంత దూరంలో ఉన్నమాటా నిజమే. అతని పుస్తకాలంటే నాకు ఒళ్ళుమంటని మీకు ఎవరైనా చెప్పేలోపు నేనే చెబుతున్నాను. బండిలో గిలికిన గీతలకి బోస్టన్ జనం బ్రహ్మరథం పడితే ఎవరికుండదండీ మంట? అయినా రోగి సొత్తు ముట్టుకునేంత దిగజారలేదు," అన్నాడు పెల్.

దొంగ దొరికినట్టే అనుకున్నాడు ఓరిన్. గురువుగారు మాత్రం పడకగదిలోకి వెళ్ళి డాక్టరు పక్కన కూర్చున్నాడు. ఎముకల గూడైపోయిన మనిషి. కళ్ళు మాత్రం బతికున్నాయి. అవునంటే రెప్ప ఒకసారి వెయ్యమని చెప్పి, పెల్ పేరు అడిగాడు. డాక్టరు కళ్ళు మూసుకున్నాడు. అక్కగారి పేరు అడిగాడు. మూసిన కళ్ళు తెరవలేదు. భార్య పేరు అడిగినా అంతే. మూసిన రెప్పల కిందనుంచి ఒక చుక్క చెవి మీదికి జారింది.

ఆ తర్వాత ట్రెడ్వెల్ కొట్టం చూస్తానన్నాడు. మంచుబండిని ఓ మూలకి నెట్టేసి ఉంది. చక్రాలబండి తలుపు దగ్గరుంది. దాన్ని నవంబరులో లోపల పెట్టామనీ, మంచు కరిగాక ఇంతవరకూ బయటికి తియ్యలేదనీ మెహిటబెల్ చెప్పింది. ట్రెడ్వెల్ వంగి చక్రం అంచుని గోటితో గీకాడు. నీలిరంగు బంకమట్టి పెళ్ళగా ఊడింది. ఓరిన్ కూడా చూశాడు. పాత మట్టి అయివుంటుందిలే అనుకున్నాడు.

"డాక్టరుగారు రోజూ తిరిగే దారి చూడాలి. మీరు తోలుతారా అమ్మా?" అని ట్రెడ్వెల్ కొర్నీలియాని అడిగాడు.

"ఆ గుర్రం నాకు అలవాటు లేదండీ. ఆయన ఎవర్నీ పగ్గాలు ముట్టుకోనిచ్చేవారు కాదు. నేను దాన్ని ఒక్కసారైనా తోల్లేదు."

"దారి గుర్రానికి తెలుసుగా."

ఆవిడ శాలువా కప్పుకుంది.

గుర్రం పేరు డీకన్. చందా అడిగే చర్చి పెద్దలాగా ప్రతి గుమ్మం ముందూ ఆగుతుందని ఆ పేరు పెట్టారట. ముగ్గురూ ఇరుక్కుని కూర్చున్నారు. ఓరిన్ తన తోలుసంచీని సీటు కింద అరలోకి తొయ్యబోతే కొర్నీలియా చెయ్యి అడ్డంపెట్టింది. "అక్కడ మందుసీసాలున్నాయండీ, పగులుతాయి. ఒళ్ళో పెట్టుకోండి," అంది. బరువు సంచీ దారంతా మోకాళ్ళమీద ఎగిరెగిరి పడుతుంటే ఓరిన్ లోలోపల సణుక్కున్నాడు.

డీకన్ పేరు నిలబెట్టుకుంది. పిండిమర వాళ్ళ ఇంటి ముందు ఆగింది. కొర్నీలియా నవ్వింది. "ఇక్కడ ఏడుగురు పిల్లలకి ఆయనే పురుడు పోశారు," అంది. పళ్ళెంలో గింజలు వలుస్తున్న ముసలాయన గడప ముందు ఆగింది. కంసాలి ఇంటి ముందు ఆగింది. ప్రతిచోటా ఆవిడ పగ్గాలు వదులుగానే పట్టుకుని, గుర్రం మళ్ళీ తనంతట తాను కదిలేదాకా ఊరుకుంది. బురదకయ్య అనే పల్లం దాటాక దారి మలుపు తిరిగింది. ఆ మలుపుకి ముందే ఆవిడ పగ్గాలు రెండు చుట్లు పిడికిలికి బిగించి, కొరడా అందుకుంది. మలుపు తర్వాత లైలాక్ పొదల కంచె, దాని వెనక ఒక పసుపుపచ్చ ఇల్లు కనబడ్డాయి. డీకన్ మెడ అటు తిప్పబోయింది. దెబ్బ పడింది. బండి ముందుకు దూకింది.

"చీకటి పడుతోంది," అంది కొర్నీలియా. ఇంకా నాలుగున్నరే అయింది.

*

ఆదివారం పొద్దున ఊరంతా చర్చికి వెళ్ళింది. ట్రెడ్వెల్ కొట్టం తలుపు తీసి బండి కట్టడం మొదలుపెట్టాడు. ఆ ఊళ్ళో ఆదివారం రోగం ఉంటే తప్ప బండి కట్టడం తప్పు. ఓరిన్ ఆ మాట గుర్తుచేశాడు.

"మనం రోగం కోసమే వెళ్తున్నాం," అన్నాడు ట్రెడ్వెల్, పగ్గాలు బండి కొక్కేనికి తగిలించి వదిలేస్తూ.

డీకన్ పిండిమర, ముసలాయన గడప, కంసాలి ఇల్లు అన్నిటి ముందూ వరసగా ఆగింది. బురదకయ్యలో చక్రాలకి నీలి బంకమట్టి పట్టింది. లైలాక్ కంచె దగ్గర ఆగి ఊరుకోలేదు. తనే గేటులోంచి లోపలికి తిరిగి, కొట్టం గోడకున్న ఇనపకడియం దగ్గరికి పోయి నిలబడి, గడ్డి కోసం చూసింది.

తలుపు తీసింది డార్కస్ విట్‌బీ. ముప్ఫై అయిదేళ్ళ వితంతువు. చక్కటి మనిషే, కానీ నిద్రకు మొహంవాచిన కళ్ళు. గుర్రాన్ని చూడగానే ఆవిడ చెయ్యి గొంతు మీదికి పోయింది. "ఆయన పోయారా?" అని అడిగింది. లేదని చెప్పాక గడప మీదే కూలబడింది.

ట్రెడ్వెల్ ఓరిన్‌ని బండి దగ్గర ఉండమని లోపలికి వెళ్ళాడు. అరగంట తర్వాత బయటికి వచ్చాడు. ఏం చెప్పిందని ఓరిన్ అడిగితే, చెప్పనని మాటిచ్చాననీ, సాయంత్రం ఆవిడే లారబీ ఇంటికి వస్తుందనీ అన్నాడు. గురువుగారు తనకి చెప్పకుండా ఏదో దాచుకోవడం ఆరేళ్ళలో అదే మొదటిసారి. ఓరిన్ ఇల్లు చేరేదాకా మొహం పక్కకి తిప్పుకునే కూర్చున్నాడు.

*

సాయంత్రం నాలుగింటికి అందరూ డాక్టరు పడకగదిలో కూడారు. మంచం తలవైపు మెహిటబెల్, కాళ్ళవైపు కొర్నీలియా కూర్చున్నారు. కిటికీ దగ్గర పెల్ నిలబడ్డాడు. డార్కస్ చేతిలో ఒక పొట్లంతో తలుపు పక్కన నిలబడింది. ఆవిడ్ని చూడగానే కొర్నీలియా పెదవులు తెల్లబడ్డాయి.

ట్రెడ్వెల్ నెమ్మదిగా మొదలుపెట్టాడు.

"తాళం పగల్లేదు. తాళంచెవి మంచం దగ్గరుంది. పెల్ గారికి వీలూ ఉంది, మంటా ఉంది. కానీ ఆయన పేరు అడిగితే డాక్టరుగారు కళ్ళు మూసుకున్నారు. పెల్ గారే దొంగైతే దాచాల్సిన అవసరం ఈయనకేముంది? దొంగ ఎవరో తెలిసి కూడా చెప్పడం ఇష్టంలేని మనిషి ఆ కన్నీటి చుక్కలో కనబడ్డాడు."

పెల్ మీసం నమలడం ఆపాడు.

"మంచు కరిగాక బండి బయటికి తియ్యలేదన్నారు. కానీ చక్రానికి బురదకయ్య మట్టి ఉంది, లోపల ఇంకా తడారలేదు. అంటే ఎవరో తీశారు. గుర్రాన్ని ఎన్నడూ తోల్లేదన్న కొర్నీలియాగారు, అది ఆగిన ప్రతిచోటా ఆగనిచ్చారు. పసుపుపచ్చ ఇంటి దగ్గర మాత్రం ఇల్లు కనబడకముందే పగ్గాలు బిగించారు. మలుపు అవతల డీకన్ ఆగుతుందని, అంతకుముందు ఆ దారిన వెళ్ళనివాళ్ళకి ఎలా తెలుస్తుంది? ఇక ఓరిన్ సంచీ. సీటు కింద మందుసీసాలున్నాయన్నారు. సీసాలన్నీ పక్కగదిలో మేకుకున్న సంచీలో ఉన్నాయి. ఓరిన్, వెళ్ళి తీసుకురా."

ఓరిన్‌కి చెవులు వేడెక్కాయి. దారంతా ఆరువందల పేజీల మీద కూర్చుని సంచీ బరువని సణిగింది తనే. కొట్టంలోకి వెళ్ళి సీటు కింద చెయ్యిపెట్టాడు. టేపుతో కట్టిన కట్ట అక్కడే ఉంది.

దాన్ని చూడగానే డాక్టరు గొంతులోంచి సన్నటి శబ్దం వచ్చింది. మెహిటబెల్ మరదలివైపు తిరిగింది. ఆవిడ నోరు తెరవకముందే కొర్నీలియా లేచి నిలబడింది.

"అవును, నేనే తీశాను. ఆయనకి చదివి వినిపిద్దామని బుధవారం కట్ట విప్పాను వదినా. నువ్వు రాశావనుకున్నా."

"నేనా?" మెహిటబెల్ నిర్ఘాంతపోయింది. "నువ్వు రాస్తున్నావని నేను రెండేళ్ళుగా ఏడుస్తున్నా."

"ఆరువందల పేజీలూ ఎవరో ఆడదాని రాత. నీది కాదు, నాది కాదు. ఎవరిదండీ అని ఆయన్నే అడిగా. ఆయన కళ్ళు తిప్పేసుకున్నారు. రాత్రంతా కూర్చున్నా. గురువారం పెల్ గారు రాకముందే కట్ట తీసి దాచుకున్నా. పెల్ గారు మంచం దగ్గర కూర్చున్నాక వెనక తలుపు నుంచి వెళ్ళి బండి కట్టి, పగ్గాలు వదిలేశా. 'ఆయన్ని ఎక్కడికి తీసుకెళ్ళేదానివో నన్నూ అక్కడికి తీసుకెళ్ళు' అన్నా దాంతో. ఈవిడ ఇంటి ముందుకి తీసుకెళ్ళింది. మిగతా గుమ్మాల దగ్గర ఆగింది. అక్కడ మాత్రం తన ఇంటికి వచ్చినట్టు లోపలికి పోయింది." ఆవిడ డార్కస్ వైపు వేలు చూపించింది. "కాగితాలు ఈవిడ మొహాన కొడదామని వెళ్ళా. కిటికీలోంచి చూస్తే తల వంచుకుని రాసుకుంటోంది. దిగలేకపోయా. తగలబెట్టనూ లేకపోయా. ఎనిమిదేళ్ళ కాపురం నాది. నాకు ఒక్క పేజీ ఇవ్వలేదు ఆయన."

డాక్టరు కళ్ళు భార్య మొహం మీదే ఉన్నాయి.

"డాక్టరుగారు రెండేళ్ళుగా ప్రతి గురువారం ఆ ఇంటికి వెళ్ళారు. గంటసేపు ఉండేవారు. ఎందుకో నాకు తెలుసు. చెప్పనని మాటిచ్చాను. ఆయన కూడా అలాగే మాటిచ్చారు, నోరున్నప్పుడూ చెప్పలేదు," అన్నాడు ట్రెడ్వెల్.

డార్కస్ తలుపు దగ్గర్నుంచి రెండడుగులు ముందుకు వేసింది. పెల్‌ని చూసి ఒక్కక్షణం తడబడింది. ఆ ఊళ్ళో ఒక మాట బయటపడితే సోమవారానికల్లా పొలిమేర దాటుతుందని ఆవిడకి తెలుసు.

"నల్లమందు చుక్కలమ్మా. మా ఆయన పోయాక నిద్రకోసం మొదలుపెట్టా. ఏడాది తిరిగేసరికి రోజుకో సీసా. చెంచా పట్టుకోలేనంత వణుకు. డాక్టరుగారు ప్రతి గురువారం వచ్చి కొన్ని చుక్కలు తగ్గించేవారు. కోరిక పుట్టినప్పుడల్లా చేతులకి పనుండాలని ఈ చిత్తు ఇచ్చారు, సాపు రాయమని. ఊళ్ళో తెలిస్తే మా బావగార్లు నా కూతుర్ని నా దగ్గర ఉండనివ్వరని ఎవరికీ చెప్పొద్దని ఒట్టు వేయించుకున్నా. ఒట్టు నాది. ఆయన మీద కోపం పెట్టుకోకు."

కొర్నీలియా ఆవిడవైపు చూడలేదు. "కథలు ఎవరైనా చెబుతారు," అంది.

ట్రెడ్వెల్ ఆవిడ్ని డాక్టరు ఎడమపక్కన కుర్చీలో కూర్చోబెట్టి, టేపు విప్పాడు. మొదటి కాగితం, చివరి కాగితం తీసి కొర్నీలియా ఒళ్ళో పక్కపక్కన పెట్టాడు. "బుధవారం మీరు చూసింది ఎవరి రాతా అని. ఇప్పుడు ఎలాంటి రాతో చూడండి."

మొదటి పేజీలో అక్షరాలు గజగజ వణికాయి. గీతలు వరస తప్పాయి, సిరా మరకలు, ఒక పదం మీద మూడుసార్లు కలం జారింది. కొర్నీలియా కట్టలోంచి మధ్యమధ్య కాగితాలు తీసింది. నూరో పేజీకి మరకలు తగ్గాయి. మూడువందలకి వరస కుదిరింది. చివరి పేజీలో అక్షరాలు స్కూలు పంతులమ్మ రాతలా నిటారుగా నిలబడ్డాయి. ఆవిడ చాలాసేపు వాటిని అటూ ఇటూ మార్చి చూసింది. తర్వాత కాగితాలు తడవకుండా పక్కకి జరిపి, చేతుల్లో మొహం దాచుకుంది.

డార్కస్ తన పొట్లం మంచం మీద పెట్టింది. "ఇది ఆఖరి అధ్యాయం. తొమ్మిది పేజీలు సాపు అయింది, ఇంకొంచెం చిత్తు మా ఇంట్లో మిగిలింది. ఆయన రాని ఈ మూడు వారాలూ సీసా మూత తియ్యలేదు. ఆ మాట ఆయనకి చెప్పాలనే వచ్చా."

డాక్టరు ఎడమచెయ్యి దుప్పటి మీద కదిలింది. అది పొట్లం దాటి, కాగితాలు దాటి, కొర్నీలియా చెదిరిన జుట్టు మీదికి పోయి ఆగింది.

పెల్ కిటికీ దగ్గర్నుంచి ముందుకొచ్చాడు. "నేనిక్కడ వైద్యుడిగా ఉన్నాను. విన్నది రోగం సంగతి. అది ఈ గది దాటదు," అన్నాడు. ఓరిన్‌కి ఆయన మీద మొదటిసారి గౌరవం కలిగింది. ఆయన వెంటనే, "అయితే మాత్రం, పుస్తకాన్నే మందుగా వాడాలని నాకెందుకు తట్టలేదో," అని గొణుక్కున్నాడు.

మెహిటబెల్ వంటింట్లోకి వెళ్ళి వేడి గంజి తెచ్చింది. తమ్ముడి నోటిదాకా చెంచా తీసుకెళ్ళి ఆగింది. ఇష్టం లేకపోయినా గిన్నె మరదలి చేతిలో పెట్టింది. "నువ్వు పట్టు. వాడు నిన్నే చూస్తున్నాడు," అంది.

డాక్టరు నోరు తెరిచాడు.

*

సోమవారం పొద్దున కొర్నీలియాయే వాళ్ళని స్టేషనుకి తీసుకెళ్ళింది. స్టేషను దారి కూడా బురదకయ్య మీదుగానే పోతుంది. ఈసారి ఓరిన్ సంచీ సీటు కిందే ఉంది. ఆవిడ ఒళ్ళో తెల్లకాగితాల కట్ట, కొత్త సిరాబుడ్డి ఉన్నాయి.

మలుపు దగ్గరికి వచ్చేసరికి ఆవిడ పిడికిళ్ళు బిగుసుకున్నాయి. ఈసారి గురువుగారికంటే ముందు ఓరినే చూశాడు. పిడికిళ్ళు కాసేపు అలాగే ఉండి, మెల్లగా విచ్చుకున్నాయి. పగ్గాలు వదులయ్యాయి. డీకన్ తాపీగా లైలాక్ కంచె దాటి లోపలికి తిరిగి, తన కడియం దగ్గరికి పోయి నిలబడింది. రైలుకి పావుగంటే ఉంది. ట్రెడ్వెల్ గడియారం తీసి చూసి, మళ్ళీ జేబులో పెట్టుకున్నాడు.

డార్కస్ తలుపు తీసింది. "ఇవాళ గురువారం కాదుగా," అంది భయంభయంగా.

"కాదు," అంది కొర్నీలియా బండి దిగుతూ. "ఆ మిగిలినవి నాక్కూడా సగం ఇవ్వు. నేనూ రాస్తాను."